డు బోయిస్‌ని ఎక్కడి నుంచి మొదలుపెట్టాలి? ఉద్యమకారుడు రాసిన చరిత్రని నమ్మొచ్చా?

మీరు అడిగింది రెండు ముక్కల్లో: "ఏడు తరాలు" చదివాక అమెరికా నల్లవాళ్ళ పోరాటం గురించి ఇంకా తెలుసుకోవాలనిపించింది, అందరూ డబ్ల్యూ.ఈ.బి. డు బోయిస్ పేరే చెబుతున్నారు, ఆయన పుస్తకాల లిస్టు చూస్తే కళ్ళు తిరిగాయి, ఎక్కడ మొదలుపెట్టాలి? రెండోది, ఆయన ఉద్యమ నాయకుడు, పత్రికా సంపాదకుడు కదా, అలాంటివాడు రాసిన చరిత్ర తన వాళ్ళకి కొమ్ము కాయకుండా ఉంటుందా?

ముందు సూటిగా చెప్పేస్తాను. "ది సోల్స్ ఆఫ్ బ్లాక్ ఫోక్" (1903) తీసుకోండి, కానీ మొదటి అధ్యాయం వదిలేసి నాలుగో అధ్యాయంతో మొదలుపెట్టండి. అది అయ్యాక "బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్ ఇన్ అమెరికా" (1935)లో చిట్టచివరి అధ్యాయం చదవండి. ఇక నమ్మకం సంగతంటారా, ఆ కాలంలో "మేం ఏ పక్షమూ కాదు" అని చెప్పుకున్న ప్రొఫెసర్ల కంటే ఈయన్నే ఎక్కువ నమ్మొచ్చు. గుడ్డిగా మాత్రం వద్దు, ఎక్కడ జాగ్రత్తగా ఉండాలో కింద చెబుతాను.

నేను పీజీ ఇంగ్లీష్ క్లాసుల్లో ఆఫ్రికన్ అమెరికన్ సాహిత్యం పేపర్ చెప్పడం మొదలుపెట్టి ఇరవై ఏళ్ళు దాటింది. అంతకుముందు ఎం.ఫిల్ రోజుల్లో ఉస్మానియా క్యాంపస్‌లో ఉన్న అమెరికన్ స్టడీస్ రీసెర్చ్ సెంటర్ లైబ్రరీలో కూర్చుని మీరు ఇప్పుడు చేయబోయే తప్పే చేశాను. పెద్ద పుస్తకం ముందు చదివేస్తే మిగతావి తేలికవుతాయనుకుని, ఏడు వందల పేజీలు దాటిన "బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్" మొదటి పేజీ నుంచి పట్టుకున్నాను. యాభై పేజీలయ్యేసరికి ఎవరు ఎవరో, ఏ రాష్ట్రంలో ఏ చట్టమో తెలియక బుర్ర వేడెక్కి, పుస్తకం కౌంటర్‌లో ఇచ్చేసి టీ తాగడానికి పోయాను. మళ్ళీ ముట్టుకోవడానికి రెండేళ్ళు పట్టింది.

నాలుగో అధ్యాయమే ఎందుకు? ఎందుకంటే అందులో సిద్ధాంతం లేదు, ఒక కుర్రాడు ఉద్యోగం కోసం తిరగడం ఉంది. డు బోయిస్ పుట్టింది ఉత్తరాన మసాచుసెట్స్‌లో, 1868లో. కాలేజీకి దక్షిణాన నాష్‌విల్‌లోని ఫిస్క్ యూనివర్సిటీకి వచ్చాడు. వేసవి సెలవుల్లో టెనెసీ పల్లెల్లో నల్లపిల్లలకి పాఠాలు చెప్పడానికి బడి వెతుక్కుంటూ కొండలెక్కి దిగుతాడు. చివరికి జోసీ అనే ఇరవై ఏళ్ళ అమ్మాయి, తమ ఊళ్ళో బడి లేదని, చదువుకోవాలని ఉందని చెప్పి దారి చూపిస్తుంది.

ఆ బడి ఎలా ఉంటుందంటే, ఒకప్పుడు ఒక దొర మొక్కజొన్న దాచుకున్న దుంగల కొట్టం. మూడు చెక్కలు చేరిస్తే అదే పంతులుగారి బల్ల. కుర్చీ ఇంటావిడ దగ్గర అరువు తెచ్చినది, ప్రతి సాయంత్రం తిరిగి ఇచ్చేయాలి. నాకు ఆ అధ్యాయం అంతటిలో ఈ కుర్చీ దగ్గరే గొంతు పట్టేస్తుంది. హార్వర్డ్ నుంచి 1895లో పీహెచ్‌డీ తీసుకున్న మొట్టమొదటి నల్లజాతి మనిషి కొన్నేళ్ళ ముందు రోజూ సాయంత్రం కుర్చీ మోసుకెళ్ళి అప్పగించి వచ్చేవాడు.

ఇంకోటి ఉంది అందులో. బడికి అనుమతి అడగడానికి తెల్లవాడైన కమిషనర్ ఇంటికి వెళతాడు. వెంట ఇంకో తెల్ల కుర్రాడు, తెల్లపిల్లల బడికి పంతులు కావాలని వచ్చినవాడు. పని అయిపోయింది, ఇద్దరూ భోజనం చేసి వెళ్ళండి అంటాడు కమిషనర్. భలే అదృష్టం అనుకుంటాడు మనవాడు. తీరా చూస్తే వాళ్ళు ముందు తిన్నారు, తర్వాత ఈయన ఒక్కడే తిన్నాడు. ఒక్క వాక్యం, అంతే. దాని మీద వేరే వ్యాఖ్యానం లేదు. ఒక ఏడాది క్లాసులో ఈ వాక్యం చదివి ఆగాను. వెనక బెంచీలోంచి ఒక కుర్రాడు లేచి, "సార్, వడ్డించేవాడు మనవాడైతే కడబంతి అయినా పర్లేదంటారు కదా, మా తాతకి ఊళ్ళో పెళ్ళిళ్ళలో కడబంతి కూడా ఉండేది కాదు, అందరూ లేచాక దొడ్డి వైపు పెట్టేవాళ్ళట" అన్నాడు. ఆ రోజు నేను చెప్పాల్సిన పాఠం మిగల్లేదు.

పదేళ్ళ తర్వాత డు బోయిస్ ఆ ఊరికి మళ్ళీ వెళతాడు. ఏం చూశాడో నేను చెప్పను, చదవండి.

ఇది చదివాక మొదటి అధ్యాయానికి వెళ్ళండి. అప్పుడు "వీల్" అన్న మాట అర్థమవుతుంది. చిన్నప్పుడు బడిలో పిల్లలంతా విజిటింగ్ కార్డులు ఇచ్చిపుచ్చుకుంటుంటే, కొత్తగా వచ్చిన ఒక పొడుగాటి అమ్మాయి ఈయన కార్డు తీసుకోనంటుంది, ఒక్క చూపు చూసి. తనకీ వాళ్ళకీ మధ్య ఏదో అడ్డు ఉందని ఆ పిల్లాడికి అక్కడ తెలుస్తుంది. దాన్నే వీల్ అంటాడు. దీన్ని తెలుగులో ఎలా చెప్పాలో ఇప్పటికీ నేను తేల్చుకోలేదు. ముసుగు అంటే మనం వేసుకున్నట్టు ఉంటుంది, ఇది ఎదుటివాళ్ళు దింపింది. తెర అంటే నాటకం గుర్తొస్తుంది. పైగా అక్కడ ఇంకో అర్థం కూడా ఉంది: తల మీద మావి పొరతో పుట్టిన బిడ్డకి మామూలు మనుషులకి కనపడనివి కనపడతాయని అక్కడి జనంలో ఒక నమ్మకం. అడ్డూ అదే, అదనపు చూపూ అదే. నేను క్లాసులో "పొర" అంటాను, కంటి మీద పొర అన్నట్టు. సగమే సరిపోతుంది.

ఆ "అదనపు చూపు" నుంచే ఆయన ప్రసిద్ధమైన మాట వస్తుంది. మన విమర్శకులు "ద్వంద్వ చైతన్యం" అని రాస్తారు, వినడానికి బరువుగా ఉంటుంది గానీ విషయం మామూలుదే. ఎప్పుడూ ఎదుటివాడి కళ్ళతోనే తనని తాను చూసుకోవాల్సి రావడం, ఎదుటివాడి టేపుతో తన మనసుని కొలుచుకోవాల్సి రావడం, ఆ ఎదుటివాడేమో జాలితోనో వెటకారంతోనో చూస్తూ ఉండటం. అమెరికన్‌గా ఒక మనిషి, నల్లవాడిగా ఇంకో మనిషి, ఒకే ఒంట్లో ఇద్దరు.

ఇప్పుడు మీ రెండో ప్రశ్న. డు బోయిస్ మొదట్లో మీరు కోరుకునే రకం పండితుడే. బెర్లిన్‌లో చదివాడు, లెక్కలూ సర్వేలూ అంటే ప్రాణం. 1896లో ఫిలడెల్ఫియాలో నల్లవాళ్ళుండే సెవెంత్ వార్డ్‌లో కాపురం పెట్టి, రెండున్నర వేల దాకా ఇళ్ళకి తనే తిరిగి వివరాలు రాసుకున్నాడు. 1899లో అది పుస్తకంగా వచ్చింది. నిజాలు ముందు పెడితే జనం మారతారని గట్టిగా నమ్మిన రోజులవి.

ఆ 1899లోనే, ఏప్రిల్‌లో, అట్లాంటాకి దగ్గర్లో శామ్ హోస్ అనే నల్ల కూలీని వేలమంది చూస్తుండగా హింసించి తగలబెట్టారు. అప్పటికి అట్లాంటా యూనివర్సిటీలో పాఠాలు చెబుతున్న డు బోయిస్, ఒక పత్రికకి జాగ్రత్తగా, తర్కబద్ధంగా ఉత్తరం రాసుకుని ఇవ్వడానికి బయల్దేరాడు. దారిలో తెలిసిందేమిటంటే, హోస్ వేళ్ళ కణుపులు ఆ వీధిలోనే కిరాణా కొట్టు అద్దాల్లో చూడటానికి పెట్టారని. వెనక్కి తిరిగి వచ్చేశాడు. మనుషుల్ని ఇలా చంపుతుంటే చల్లగా కూర్చుని శాస్త్రం రాసే పని నావల్ల కాదనుకున్నానని 1940లో వచ్చిన "డస్క్ ఆఫ్ డాన్"లో రాసుకున్నాడు. నెల తిరిగేసరికి, మే నెలలో, ఆయన పసి కొడుకు డిఫ్తీరియాతో పోయాడు. "సోల్స్"లో పదకొండో అధ్యాయం ఆ బిడ్డ గురించే. చిన్నపిల్లలున్నవాళ్ళు రాత్రిపూట చదవొద్దని మాత్రం చెబుతాను.

ఆ తర్వాత నల్లవాళ్ళ హక్కుల కోసం 1905లో నయాగరా ఉద్యమం, 1909లో అదే పని కోసం ఎన్.ఏ.ఏ.సి.పి. అనే సంస్థ స్థాపన, 1910 నుంచి 1934 దాకా ఆ సంస్థ పత్రిక "ది క్రైసిస్"కి సంపాదకత్వం. అయితే ఇక్కడ ఒకటి గమనించండి. ఉద్యమంలోకి వచ్చాక ఆయన లెక్కలు మానేయలేదు. లెక్కలు ఎవరి చేతిలో ఎలా వంకర పోతాయో చూడటం నేర్చుకున్నాడు. "బ్లాక్ రీకన్‌స్ట్రక్షన్" చివరి అధ్యాయం చదవమన్నది అందుకే. దాని పేరే "ది ప్రాపగాండా ఆఫ్ హిస్టరీ".

నేపథ్యం రెండు ముక్కల్లో: 1865లో అంతర్యుద్ధం అయిపోయి దాదాపు నలభై లక్షల మంది బానిసలకి విముక్తి వచ్చాక, 1877 దాకా దక్షిణ రాష్ట్రాల్ని తిరిగి కట్టే ప్రయత్నం జరిగింది, దాన్నే రీకన్‌స్ట్రక్షన్ అంటారు. నల్లవాళ్ళు ఓటేశారు, శాసనసభల్లో కూర్చున్నారు, 1870లో మిసిసిపీ నుంచి హైరమ్ రెవెల్స్ సెనేట్‌కి వెళ్ళాడు. తర్వాత సైన్యం వెనక్కి పోయింది, తుపాకులతో, మోసాలతో ఆ ఓటు లాక్కున్నారు. ఈ కథని కొలంబియా యూనివర్సిటీలో విలియం డన్నింగ్, ఆయన శిష్యులు ఎలా రాశారంటే: చదువూ సంధ్యా లేని నల్లవాళ్ళ చేతికి అధికారమిస్తే దోచుకు తిన్నారు, పాపం తెల్లవాళ్ళు ఎలాగో రాష్ట్రాల్ని కాపాడుకున్నారు అని. బడి పుస్తకాల్లోకి ఇదే ఎక్కింది. 1915లో వచ్చిన ఒక పెద్ద సినిమా ఇదే కథ చెప్పి, ఏకంగా వైట్‌హౌస్‌లో ప్రదర్శన వేయించుకుంది. వీళ్ళెవరూ ఉద్యమకారులు కారు మరి! పట్టాలున్న, పక్షపాతం లేదని పేరున్న చరిత్రకారులు.

డు బోయిస్ చివరి అధ్యాయంలో చేసిన పని ఏమిటంటే, ఆ రోజు పిల్లలు చదువుతున్న పాఠ్యపుస్తకాలు ముందేసుకుని, వాటిలో ఏమేం వాక్యాలున్నాయో వరసగా ఎత్తి రాశాడు. నల్లవాళ్ళందరూ అజ్ఞానులు, అందరూ సోమరులు, చెడ్డ పాలనకి వాళ్ళే కారణం, ఇలా. తర్వాత ఆ రచయితలు ఏ ఆధారాలు చూశారో, ఏవి చూడలేదో ఒక్కొక్కటీ లెక్క తీశాడు. తన అనుభవం కూడా ఒకటి చెబుతాడు: ఎన్‌సైక్లోపీడియా బ్రిటానికా పద్నాలుగో ఎడిషన్‌కి అమెరికా నల్లవాళ్ళ మీద వ్యాసం అడిగితే రాసిచ్చాడు, సంపాదకులు రీకన్‌స్ట్రక్షన్ గురించిన మాటలన్నీ కొట్టేశారు, అయితే నా వ్యాసమే వద్దు పొమ్మని వెనక్కి తీసుకున్నాడు.

ఇంకో మాట కూడా ఆ పుస్తకం మొదట్లోనే పాఠకుడికి చెప్పేస్తాడు. నల్లవాళ్ళూ మిగతావాళ్ళలాంటి మామూలు మనుషులే అన్న నమ్మకంతో నేనిది రాస్తున్నాను, అది ఒప్పుకోనివాడికి నేను పోగేసిన నిజాలు చాలవు అని. అంటే తను ఎక్కడ నిలబడి మాట్లాడుతున్నాడో దాచలేదు. డన్నింగ్ వర్గం ఆ పని చేయలేదు. నా లెక్కలో తేడా అంతా ఇక్కడే ఉంది.

పుస్తకంలోని అసలు వాదన కూడా అప్పటికి పెద్ద షాక్. బానిసల్ని లింకన్ విడిపించాడనే కదా మనం చదువుకున్నది. డు బోయిస్ అంటాడు, వాళ్ళు తమని తాము విడిపించుకున్నారు, యుద్ధం నడుస్తుండగా తోటలొదిలి ఉత్తరాది సైన్యం దగ్గరికి నడుచుకుంటూ వచ్చేశారు, అది ఒక సార్వత్రిక సమ్మె అని. 1861 మే నెలలో వర్జీనియాలో ఉత్తరాది సైన్యం చేతిలో ఉన్న ఫోర్ట్ మన్రో కోటకి ముగ్గురు బానిసలు, ఫ్రాంక్ బేకర్, షెపర్డ్ మాలరీ, జేమ్స్ టౌన్‌సెండ్, పడవలో వచ్చి చేరారు. అక్కడి జనరల్ బట్లర్ వాళ్ళని యజమానికి తిరిగి అప్పగించనన్నాడు. విముక్తి ప్రకటన వచ్చింది 1863 జనవరి 1న. మధ్యలో ఏడాదిన్నర పైగా నడిచినవాళ్ళ వల్లే ఆ ప్రకటన రాక తప్పలేదంటాడు. చివరికి లక్షా ఎనభై వేల దాకా నల్లవాళ్ళు ఆ సైన్యంలోనే పోరాడారు. దక్షిణాదిలో అందరికీ ఉచితంగా ప్రభుత్వ బడి అన్న ఆలోచన కూడా ఈ విముక్తులు తెచ్చిందేనంటాడు. అరువు కుర్చీ గుర్తు పెట్టుకుని ఈ పేజీలు చదివితే ఇంకోలా ఉంటుంది.

మరి పేద తెల్లవాడు పేద నల్లవాడితో ఎందుకు కలవలేదు అన్న ప్రశ్నకి ఆయన ఇచ్చిన జవాబు ఇవాళ్టికీ అందరూ వాడుకుంటున్నారు. కూలి తక్కువైనా, నువ్వు వాడికంటే పైవాడివి అన్న మర్యాద రూపంలో ఇంకో కూలి అందింది, అది చాలనుకున్నారు అని. దీని మీద మన వైపు పాఠకులకి నేను వివరించాల్సింది ఏమీ ఉండదు.

ఇక జాగ్రత్తలు. ఈ పుస్తకం పాత కాగితాల గుట్టల్లో కూర్చుని రాసింది కాదు, ఎక్కువగా ప్రభుత్వ నివేదికలు, కాంగ్రెస్ ముందు ఇచ్చిన సాక్ష్యాలు, ఇతరులు రాసిన పుస్తకాల మీద ఆధారపడ్డాడు. అసలు దస్తావేజులన్నీ చూడటానికి టైమూ డబ్బూ లేకపోయాయని ఆయనే ఒప్పుకున్నాడు. కాబట్టి వివరాల కోసం తర్వాతి చరిత్రకారుల్ని, ముఖ్యంగా 1988లో వచ్చిన ఎరిక్ ఫోనర్ పుస్తకాన్ని, పక్కన పెట్టుకోండి. ఫోనర్ కూడా ఈయన వేసిన బాటలోనే నడిచాడు. రెండు, అప్పుడే మార్క్స్‌ని గట్టిగా చదువుతున్నాడు, ఆ ఉత్సాహంలో కొన్నిచోట్ల మరీ సాగదీశాడు. దక్షిణ కరొలైనా అధ్యాయానికి ముందు "నల్ల శ్రామికవర్గ నియంతృత్వం" అన్న పేరు పెట్టాలనుకుని, స్నేహితులు అభ్యంతరం చెబితే మార్చాడు. మంచి పని చేశారు.

మూడోది ఆయన రాజకీయాలు. 1918లో, మొదటి ప్రపంచయుద్ధం మధ్యలో, మన గోడు కాసేపు పక్కనపెట్టి తెల్లవాళ్ళతో భుజం కలుపుదాం అని "క్రైసిస్"లో సంపాదకీయం రాశాడు. అదే సమయంలో సైన్యంలో కెప్టెన్ పదవి కోసం ప్రయత్నాలు నడుస్తున్నాయి. సొంతవాళ్ళే దుమ్మెత్తి పోశారు, నా ఉద్దేశంలో న్యాయంగానే. 1953లో స్టాలిన్ పోయినప్పుడు రాసిన పొగడ్త చదివితే ఈ మనిషేనా అనిపిస్తుంది. "సోల్స్" మొదటి ముద్రణలో యూదుల మీద కొన్ని చెడ్డ మాటలున్నాయి, యాభై ఏళ్ళ తర్వాత ఆయనే దిద్దాడు. మీ చేతికొచ్చే కాపీ ఏ పాఠమో చూసుకోండి. అటువైపు ప్రభుత్వమూ తక్కువ తినలేదు లెండి, 1951లో, ఎనభై మూడో ఏట, శాంతి ప్రచారం చేశాడని విదేశీ ఏజెంటుగా కేసు పెట్టి చేతులకి బేడీలేసింది. కేసు నిలబడలేదు. అయినా 1958 దాకా పాస్‌పోర్టు ఇవ్వలేదు.

మనకి సంబంధించినది ఒకటి చెప్పకుండా ఉండలేను. 1946 జూలైలో అంబేడ్కర్ డు బోయిస్‌కి ఒక ఉత్తరం రాశారు. మీ రాతలు చదువుతూ వచ్చాను, అక్కడి నీగ్రోల స్థితికీ ఇక్కడి అంటరానివాళ్ళ స్థితికీ ఎంతో పోలిక ఉంది, ఐక్యరాజ్యసమితికి మీవాళ్ళు పెట్టిన అర్జీ కాపీలు పంపగలరా అని. జూలై 31న డు బోయిస్ జవాబు రాశాడు. ఇంకో తమాషా, అంబేడ్కర్ 1913 నుంచి 1916 దాకా చదివింది కొలంబియాలోనే, ఆ ఏళ్ళలో డన్నింగ్ అక్కడే ప్రొఫెసర్. ఆ రెండు ఉత్తరాలూ మసాచుసెట్స్ యూనివర్సిటీలో ఉన్న డు బోయిస్ కాగితాల్లో ఉన్నాయి, ఆన్‌లైన్‌లో ఉచితంగా చూడొచ్చు. నేను ఏటా మొదటి క్లాసులో ప్రొజెక్టర్ మీద వేసి చూపిస్తాను.

ఇండియా అనగానే కొందరు ఆయన 1928 నవల "డార్క్ ప్రిన్సెస్"కి పరిగెడతారు, ఎందుకంటే అందులో నాయిక మన దేశపు రాకుమారి. ఆమె పేరు కౌటిల్య! అర్థశాస్త్రం గుర్తొచ్చి మీకు నవ్వొస్తుంది, నాకూ వచ్చింది. ఆయనకి తన పుస్తకాల్లో అదే ఇష్టమట. మొదటిదిగా మాత్రం పట్టుకోకండి, పాత జానపద సినిమాలా సాగుతుంది.

పేరు ఎలా పలకాలో కూడా చెప్పేస్తాను. ఫ్రెంచ్‌లా "డ్యు బ్వా" కాదు, "వాయిస్" లో వచ్చే "ఆయ్" లాగే పలకాలని ఆయనే చెప్పుకున్నాడు.

కొనేటప్పుడు ఒక్క సంగతి. "సోల్స్" ప్రతి అధ్యాయం నెత్తి మీద ఒక కవిత, దాని కింద రెండు మూడు గీతల సంగీత స్వరాలు ఉంటాయి. కవితలు చాలావరకు యూరప్ వాళ్ళవి, స్వరాలు బానిసల పాటలవి, సాహిత్యం లేకుండా ఉత్త స్వరాలే. ఎందుకలా పెట్టాడో పద్నాలుగో అధ్యాయం దాకా చెప్పడు. కొన్ని చవక ముద్రణల్లో ఆ స్వరాలు ఎగరగొట్టేశారు. నా మొదటి కాపీ అలాంటిదే, ఫుట్‌పాత్ మీద ముప్ఫై రూపాయలకి కొన్నాను, పుస్తకం మొత్తం చదివేసి చివరి అధ్యాయంలో ఆయన ఏ పాటల గురించి మాట్లాడుతున్నాడో తెలియక పేజీలు వెనక్కీ ముందుకీ తిప్పుతూ కూర్చున్నాను. కొనేముందు ఏదో ఒక అధ్యాయం మొదటి పేజీ తెరిచి చూడండి, స్వరాలుంటేనే తీసుకోండి.